పోలయ్య ఎత్తిన రాయి

"ఆ నీళ్లు రాయికి తెచ్చినవి. నీకు కాదు."

మేస్త్రీ కొండయ్య ఈ మాట కోపంగా కూడా అనలేదు. దారి అడిగినవాడికి దారి చెప్పినంత మామూలుగా అన్నాడు. అంటూనే పీపాలోంచి ముంచిన కడవను, అప్పుడే గుంతలోంచి పైకి లేపిన పలకరాయి మీద కుమ్మరించాడు. రాయి పక్కన కూలబడిన పోలయ్య, దాని మీదనుంచి జారుతున్న నీళ్లకు దోసిలి పట్టాడు. దోసిట్లో నీళ్లకంటే ముందు అతని నోట్లోంచి నెత్తురు పడింది.

నేను అక్కడే ఉన్నాను. నా పెళ్లయి నెల కూడా కాలేదు. గుంటూరులో బి.ఏ. చదివి, మార్కాపురం హైస్కూల్లో పంతులుగా ఉన్న వెంకటేశ్వర్లును చేసుకుని కొత్త కాపురానికి వచ్చాను. ఆ ఆదివారం ఆయన నన్ను సైకిలు ముందు కడ్డీ మీద కూర్చోబెట్టుకుని గనులు చూపించడానికి తీసుకొచ్చాడు. కొత్త టిఫిన్ క్యారియర్‌లో నిమ్మకాయ పులిహోర. జడలో కనకాంబరాలు. దారి పొడుగునా ఎగుడుదిగుళ్లు. సైకిలు ఎగిరినప్పుడల్లా నేను కేక వేయడం, ఆయన నవ్వడం.

"ఆంధ్రదేశంలో ఏ మూల ఏ బిడ్డ అ ఆ దిద్దినా మా రాతి మీదే సావిత్రీ," అని ఆయన గొప్పగా చెప్పాడు. ఆయనది ఇక్కడికి దగ్గర్లోని బేస్తవారిపేట. ఈ రాయంటే సొంత పొలమంత మురిపెం. ఆ మాట నిజమే. రాష్ట్రం ఏర్పడి మూడేళ్లయింది. ఊరూరా బళ్లు తెరుస్తున్నారు. పలకల పెట్టెలు వ్యాగన్లకెక్కడం నేను స్టేషన్లో దిగిన రోజే చూసి ముచ్చటపడ్డాను. దేశం లేచి నిలబడుతోందని కాలేజీలో ఉపన్యాసాలు విన్నదాన్ని. ఆ లేవడం కళ్లారా చూస్తున్నాననుకున్నాను.

పోలయ్య లేవలేదు.

పలకలు రుద్దే పాకలోంచి ఇద్దరు ఆడవాళ్లు పరుగెత్తుకొచ్చారు. తల నుంచి పాదాల దాకా బూడిద రంగు. వెంట్రుకలు, కనురెప్పలు, పెదవులు అన్నీ ఒకటే రంగు. ఎవరు తల్లో ఎవరు కూతురో తెలియలేదు. ఏడవడం మొదలుపెట్టాక కన్నీళ్లు కడిగిన చారల్లోంచి రెండు ముఖాలు బయటపడ్డాయి. పెద్దామె చెంచమ్మ, పోలయ్య భార్య. చిన్నది యల్లమ్మ, కూతురు. నా ఈడుదే.

"ఎండదెబ్బ," అన్నాడు కొండయ్య. "పక్కకు తియ్యండి. రాయి ఆరిపోతాంది. చీల్చేవోళ్లు రాండి."

ఎవరూ రాలేదు. రాయి చీల్చే గంగయ్య చేతిలో ఉలి ఉంది. దాన్ని దుమ్ములో పారేశాడు.

"నువ్వే చీల్చుకో," అన్నాడు.

గుంతలో గడ్డపారల చప్పుడు ఒకచోట ఆగింది. మరోచోట ఆగింది. కాసేపటికి గనంతా నిశ్శబ్దమైపోయింది. ఆ నిశ్శబ్దంలో రాతి మీదనుంచి నీటి చుక్కలు పడుతున్న చప్పుడు మాత్రం వినపడింది.

*

అద్దె తక్కువని మేము ఊరి చివర ఇల్లు తీసుకున్నాం. గోడకు ఆవల ఎలీషబా ఉండేది. ఆమె కూడా రుద్దే పాకలో మనిషే. మగడు పోయి చాలా కాలమైంది. నేను అగ్గిపెట్టె అడగడానికి వెళ్లి గంటసేపు కూర్చుని వచ్చేదాన్ని. ఆమె మాటలు నాకంత ఇష్టం.

"చూడు పాపా," అని ఆ సాయంత్రం ఆమె నాకు చెప్పింది. "పలకరాయి ఉల్లిగడ్డ లాంటిది. గుంతలోంచి తీసిన పచ్చి మీద పొరలు పొరలుగా చీలతాది. ఆరిందా, నీ మొగుడొచ్చి కొట్టినా చీలదు, నా దేవుడొచ్చి కొట్టినా చీలదు. పెచ్చులై రాలతాది. అందుకని చీల్చేదాకా గోనెపట్టలు కప్పి పూటపూటా నీళ్లు పోస్తారు."

"మరి మీ పాకలో?"

"మా పాకలో నీళ్లు పోస్తే పలక తడుస్తాది. తడిసిన పలకకు చట్రం ఎక్కదు, ఆరేదాకా ఆగాల. ఆగితే సర్కారోళ్ల ఆర్డరు ఆగుతాది. అందుకని పొడిగానే రుద్దాల. దుమ్మంతా మా రొమ్ములోకే. రాయిగా పుట్టింటే మాకూ ఇంత తడి తగిలేది." ఆమె నవ్వింది. నవ్వు దగ్గులోకి జారింది. దగ్గు తగ్గాక కళ్లు తుడుచుకుంది. "మా వాడలో ముసలి మొగోడు ఒకడన్నా కనపడినాడా నీకు? ఎతుకు. కనపడితే చెప్పు, మారు మనువాడతా."

నేను నిజంగానే వెతికాను. అరుగుల మీద ముసలివాళ్లు లేరు. చేతికర్రతో నడిచే మగవాడు ఒక్కడు లేడు. పిల్లలున్నారు, ఆడవాళ్లున్నారు, దగ్గు ఉంది. తెల్లారేసరికి వాడంతా దగ్గుతోనే మేలుకునేది. మనిషిని చూడకుండానే అది ఎవరి దగ్గో చెప్పేవాళ్లు.

"అది యల్లమ్మది. కొత్తది," అంది ఎలీషబా ఒక పొద్దున వాకిలి ఊడుస్తూ, కోడికూత విన్నట్టుగా.

మా ఆయన యల్లమ్మను డాక్టరు దగ్గరికి తీసుకెళ్లాడు. డాక్టరు చెవికి గొట్టం పెట్టుకుని చాలాసేపు విన్నాడు. రోగం ఇంకా లోతుకు దిగలేదు, పొడి దుమ్ము పీల్చడం ఇప్పుడు ఆపితే ఈ పిల్ల బతుకుతుంది, ఆపకపోతే తండ్రి దారే, అని చెప్పాడు.

"ఆపి ఏం తినాల?" అంది యల్లమ్మ. కరువొచ్చిన ఏడాది గొర్రెలమ్ముకుని పెద్దారవీడు పక్కనుంచి గనికి వచ్చిన గొల్లవాళ్లు వాళ్లు. వెనక్కి పోవడానికి మంద లేదు, భూమి లేదు.

ఆ సంగతి విన్న రోజు ఇంటికొచ్చి కొత్త అద్దం ముందు నిలబడ్డాను. అద్దం మీద సన్నని బూడిద రంగు పొడి. పెళ్లికూతురి చిలిపితనం ఇంకా పోలేదు నాకు. పొడిలో వేలితో ఆయన పేరు రాసి నవ్వుకున్నాను. తర్వాత నా వేలు చూసుకున్నాను. ఈ పొడి ఎవరి రొమ్ములో పడాల్సింది? లోపల ఆయన చిన్నగా దగ్గాడు. వంటింటి పొగకే. నా చేతిలో దీపపు బుడ్డి జారి పగిలింది.

*

పోలయ్యను మట్టి చేసి పనిలోకి మళ్లినవాళ్లు, కొన్నాళ్లకే అంతా కలిసి సమ్మెకు దిగారు. కోరిక ఒక్కటే. రుద్దే పాకలో నీళ్లు. పలక తడిపి రుద్దనివ్వాలి. దుమ్ము లేవకూడదు. అంతే.

ఉలి పారేసిన గంగయ్యే సంఘానికి ముందు నిలబడ్డాడు. "మనం రాళ్లు రువ్వొద్దు, ఎవుర్నీ తిట్టొద్దు," అని అందరికీ చెప్పాడు. "ఉత్తగా కూచోండి. ఈ ఎండలకు ఎండాకాలమంతా లేపిన రాయి ఆరిపోతాది. ఆరిన రాయి కంట్రాక్టరుకు గోడకు గూడ పనికిరాదు. బళ్లు తెరిచే నాటికి పలకలు పంపకపోతే ఆర్డరు పోతాది. అప్పుడు వాడే మన గుమ్మంలోకొస్తాడు."

నీళ్లు తోలే బండ్లవాళ్లు కూడా ఎడ్లు విప్పేసి సంఘంలో కలిశారు. ఇక రాతికి నీళ్లు పోసే చెయ్యి లేదు. కొండయ్య కడవ ఎత్తుకుని గుంత మెట్లు దిగే మనిషి కాదు. కాపలావాడు కుంటివాడు.

వాడలో చర్చి ముందు ఖాళీ స్థలంలో పొయ్యి పెట్టాం. తలా ఇన్ని జొన్నలు, కొర్రలు తెచ్చారు. అంత పెద్ద డేగిసాలో గంజి కలపడం నాకు అదే మొదలు. తెడ్డు నాకంటే పొడుగు. మా ఆయన ఉల్లిగడ్డలు తరుగుతూ ఏడుస్తుంటే ఆడవాళ్లంతా, "అయ్యోరికి అప్పుడే కాపురం విసుగొచ్చినాది," అని ఆటపట్టించారు. నేను పొట్ట చెక్కలయ్యేలా నవ్వాను. తల తిప్పేసరికి చెంచమ్మ కనపడింది. గోడకు ఆనుకుని, వడ్డించిన గంజి ముట్టుకోకుండా, గని వైపే చూస్తోంది. నా నవ్వు నాకే వినపడకుండా పోయింది.

రాయి మాత్రం ఆరలేదు.

పొద్దున్నే వెళ్లి దూరం నుంచి చూసివచ్చినవాళ్లు చెప్పారు. రాళ్ల కుప్ప మీద గోనెపట్టలు తడిగా ఉన్నాయి, కింద నేల చిత్తడిగా ఉంది. మరునాడూ అంతే. ఆ మరునాడూ అంతే.

కొండయ్య మీసం దువ్వుకుంటూ వాడ మొదట్లోకి వచ్చాడు. "సూడండ్రా," అన్నాడు. "మీరు మానితే ఏమాయ? పోలయ్యొచ్చి పోస్తాండాడు. సచ్చినా పని మరిచిపోలేదు వాడు. మా కుంటోడు కండ్లారా చూసినాడు. బూడిద రంగు మనిషి, నెత్తిన కడవ. వానికున్న విశ్వాసం మీకు లేకపాయ."

నవ్వి పారేయాల్సిన మాట. ఎవరూ నవ్వలేదు. పొయ్యిలో మంట చిటపటమంటుంటే కూడా ఉలిక్కిపడుతున్నారు. పోలయ్యతో ఒకే గుంతలో పనిచేసిన వాళ్లు ఇళ్ల గడపల్లో వేపమండలు గుచ్చారు. సమ్మె మొదలైన రోజున పిడికిళ్లెత్తిన వాళ్లే తలలు దించుకుని గొణగడం మొదలుపెట్టారు.

"సచ్చినోడే పని చేస్తాంటే మనం కూచోవడం ఏంది?"

"వానికి మనశ్శాంతి లేదు. మనం కొట్లాడేది వానికి నచ్చలేదేమో."

"రేపు పోదాం పనికి. బతికినోనితో కొట్లాడొచ్చు గానీ దయ్యంతో ఎట్ల కొట్లాడేది?"

గంగయ్య ఎంత చెప్పినా మాటలు గాలికి పోయాయి. పాకలో నీళ్లన్న మాట ఎత్తేవాళ్లే తగ్గిపోయారు. యల్లమ్మ దగ్గు పెరిగింది.

*

చదువుకున్న మేము దయ్యాన్ని నమ్మలేదు. కానీ ఆ తెల్లవారుజామున సైకిలు మీద గని వైపు పోతుంటే, నిజం చెప్పాలంటే, నేను ఆయన చొక్కాను గట్టిగా పట్టుకునే ఉన్నాను. నీళ్లు పోస్తున్నదెవరో చూద్దామని ఆయన మాట. నాకైతే ఆయనతో కలిసి ఎక్కడికైనా పోవడమే సంబరం. నల్లమల మీద అప్పుడే వెలుగు రేఖ తేలుతోంది. దారి పక్క జిల్లేడు పూలు విచ్చుకుని ఉన్నాయి. ఒకటి కోసి ఆయన చెవిలో పెట్టాను.

గని అంచున సైకిలు దిగాం. గుంతలోంచి మెట్ల మీద ఏదో పైకి వస్తోంది. ముందు కడవ. కడవ కింద బూడిద రంగు తల. ఆ ఆకారం రాళ్ల కుప్ప దగ్గరికి నడిచి, కడవ వంచి, గోనెల మీద నీళ్లు పోసి, ఆ తడి గోనెకు చెంప ఆనించి అలాగే ఉండిపోయింది.

"చెంచమ్మత్తా," అని ఆయన నెమ్మదిగా పిలిచాడు.

ఆమె బెదరలేదు. తల తిప్పి మా ఇద్దరినీ చూసింది. గుంత అడుగున ఊరే నీటిని, సమ్మె మొదలైనప్పటి నుంచీ ఆమే మోస్తోంది. కాపలావాడికి తెలుసు. మేస్త్రీకి తెలుసు. తెలియనిది మా అందరికే.

"ఎందుకత్తా ఇట్ల చేస్తాండావు? రాయి ఆరితేనే గదా సమ్మె నిలిచేది?" అని మా ఆయన అడిగాడు.

"ఆయన లేపిన రాయి అడుగున ఉండాది," అంది చెంచమ్మ. "మనిషి పోయిన రాయని ఎవురూ చీల్చలేదు, దాని మీదే కుప్ప పేర్చినారు. పైనుంచి పోస్తే గానీ దానికి అందదు."

నేను ఆమె పక్కన కూర్చున్నాను. ఆమె చీర చెంగు తడిసి చల్లగా నా చేతికి తగిలింది.

"మా గొల్లోళ్లలో ఒక మాట ఉందమ్మా," అంది. "గొర్రెకు బొచ్చు సగం కత్తిరించినాక మనిషి పోతే, ఆ మిగతా సగం ఇంటోళ్లే కత్తిరించాల. సగం బొచ్చుతో ఆ గొర్రె మందలో తిరిగినన్నాళ్లూ పోయినోడు దాని ఎనకాలే తిరుగుతాంటాడు. కూచోలేడు, పండుకోలేడు. ఈయన రాయి లేపినాడు, దాన్ని చీల్చేది చూడలేదు. ఇది ఆరిపోయిందనుకో, ఇంక ఎప్పటికీ చీలదు. ఆయన ఈ గుంత చుట్టూ తిరగతానే ఉంటాడు." ఆగి, కుప్ప వైపు చూసి, గొంతు తగ్గించింది. "తిరగతాండాడు గూడ. నాకు దగ్గు వినపడతాది."

ఆ తెల్లవారుజాము గాలికి నాకూ వినపడినట్టే అయింది. నేను దయ్యాన్ని నమ్మను. కానీ ఆ గుంతలోకి చూడడానికి ధైర్యం చాలలేదు.

తిరిగి వస్తూ మేమిద్దరం పోట్లాడుకున్నాం. కాపురంలో మొదటి పోట్లాట. ఇప్పుడే గంగయ్యకు చెప్పాలని ఆయన. ఆమె నోటితో ఆమె చెప్పుకోవాలని నేను.

"యల్లమ్మ చచ్చిపోతుంది సావిత్రీ," అన్నాడాయన.

"ఆ మాటే చెంచమ్మతో అంటాను," అన్నాను.

ఇంటికి పోకుండా నేరుగా వాడకు వెళ్లి, ఆమె గుడిసె ముందు కూర్చుని, అదే మాట అన్నాను. లోపల కూతురు దగ్గుతోంది. చెంచమ్మ ఆ దగ్గు చివరిదాకా విని, లేచి వెళ్లిపోయింది.

*

మధ్యాహ్నం చర్చి ముందు మీటింగు. సగంమంది పనికి పోదామని తేల్చుకునే వచ్చారు. గంగయ్య గొంతు బొంగురుపోయింది.

"దయ్యం లేదు, గియ్యం లేదు," అంటున్నాడు. "ఎవుడో కంట్రాక్టరు మనిషి పోస్తాండాడు."

"మరి పట్టుకోకపోయినావా మామా?" అని ఎవరో ఎగతాళి చేశారు.

"పట్టుకునే పనేం లేదు," అంది చెంచమ్మ గుంపు వెనకనుంచి. "నేనే."

జనం రెండుగా చీలి ఆమెకు దారిచ్చారు. దారిస్తూనే మీద పడ్డారు. "మేము పస్తులుంటే నువ్వు వాని రాయికి చాకిరీ చేస్తాండావా?" "కొండయ్య ఏం పెట్టినాడు నీకు?" "మొగుని సావు అమ్ముకుంటివా వదినా?" చివరి మాట అన్నవాడి నోటి మీద ఎలీషబా అరచేయి పెట్టింది.

"నీ నోట్లో రాయి పడ," అంది. "చెప్పనీరా."

చెంచమ్మ చెప్పింది. గొర్రె సంగతి, సగం బొచ్చు సంగతి, అడుగున ఉన్న రాయి సంగతి. గొల్లవాళ్లు తలలూపారు. ఆ మాట వాళ్లందరికీ తెలిసిందే. కోపం ఎటు పోవాలో తెలియక నిలబడిపోయింది.

అప్పుడు యల్లమ్మ లేచి తల్లి ఎదురుగా వచ్చింది. ఆమె గొంతులో కోపం లేదు.

"నాయన కోసం ఇన్ని కడవలు మోసినావు," అంది. "నాకెవురు పోస్తారమ్మా నీళ్లు?"

 చెంచమ్మ రెండు చేతులూ గాల్లోకి లేచి, పట్టుకోవడానికేమీ దొరకనట్టు అక్కడే ఆగిపోయాయి.

గంగయ్య నేల చూపులు చూస్తూ మాట్లాడాడు. "బతికినన్నాళ్లు కంట్రాక్టరు మనతో చేయించుకున్నాడు. మనం మానితే, మన సచ్చినోళ్లను గూడ కూలికి పెట్టుకున్నాడు. కూలి లేని కూలోళ్లు. ఆయమ్మ దుఃఖాన్ని గూడ నీళ్లబండికి కట్టినాడు. కొండయ్యకు మొదట్నించీ తెలుసు, తెలిసే దయ్యం కత చెప్పినాడు." తల ఎత్తాడు. "తప్పు ఆయమ్మది కాదు. మనది. పోలయ్య పోయినాక సమ్మె గురించి మాట్లాడినాం గానీ, పోలయ్య పని గురించి ఎవురమన్నా అడిగినామా?"

"అయితే అడిగేది ఏముంది, చీల్చేద్దాం," అంది ఎలీషబా. "ఆ ఒక్క రాయి బయటికి తీద్దాం. ఆయమ్మ చీలుస్తాది. పోలయ్య పొయ్యి పండుకుంటాడు. మిగతా కుప్ప ఎండకు ఎండతాది."

"రాయి కంట్రాక్టరుది," అని మా ఆయన హెచ్చరించాడు. "దొంగతనం కేసు పెడతారు."

ఎలీషబా ఆయన వైపు తిరిగింది. "మనిషిని మింగినోని మీద కేసు లేదా అయ్యోరా? అది ఏ చట్టంలో ఉండాదో సదివి చెప్పు."

మా ఆయన నవ్వాడు. నాకు ఆ నవ్వు చాలా ఇష్టం. "ఆ చట్టం ఇంకా రాయలేదు," అన్నాడు. "పదండి."

*

మిట్టమధ్యాహ్నం వాడంతా గనికి నడిచింది. గుళ్లు, చర్చి, కులం, ఇంటిపేరు అన్నీ వెనక వదిలి ఆ రోజు అందరం ఒకే దారిన నడిచాం. కొండయ్య చేతులు చాచి అడ్డం నిలబడ్డాడు. ఎవరూ అతన్ని తాకలేదు. నీళ్లు బండను చుట్టుకుని పోయినట్టు అతని పక్కలనుంచి నడిచిపోయారు. అతని చేతులు ఇంకా చాచే ఉన్నాయి.

గోనెపట్టలు లాగి పారేశారు. రాళ్లను ఒక్కొక్కటే మోసి ఎండలో పరిచారు. అడుగున పోలయ్య రాయి బయటపడింది. దాని ఒక మూల నల్లటి మరక. ఎంత నీరు పోసినా పోని మరక.

చీల్చడం మగవాళ్ల పని. రుద్దడం ఆడవాళ్ల పని. ఉలి ఎప్పుడూ పట్టని చెంచమ్మ చేతికి గంగయ్య తన ఉలి ఇచ్చాడు. "అంచున పెట్టక్కా. గట్టిగా కొట్టొద్దు. అడిగినట్టు కొట్టు."

ఆమె కొట్టింది. మొదటి దెబ్బ జారింది. రెండోది జారింది. గుంత చుట్టూ ఇంతమంది ఉండి కూడా ఉలి చప్పుడు తప్ప ఇంకేమీ లేదు. ఆమె రాయికి చెవి ఆనించి విని, ఉలి వెంట్రుకవాసి జరిపి మళ్లీ కొట్టింది. రాయి తెరుచుకుంది. చాలాసేపు బిగబట్టిన ఊపిరి ఎవరో వదిలినట్టుగా చప్పుడైంది. ఆ చప్పుడు అందరం విన్నాం. గొల్లవాళ్లు నెత్తిన గుడ్డలు తీశారు. ఎలీషబా కళ్లు మూసుకుని ప్రభువును తలచుకుంది. నా చేయి నాకు తెలియకుండానే మా ఆయన చేతిలోకి వెళ్లింది.

లోపలి ముఖం నల్లగా, తడిగా, మెరుస్తూ ఉంది. ఎప్పుడూ ఎండ చూడని ముఖం. దాని మీదికి వంగిన మా తలల నీడలు అందులో కదిలాయి. ఆ నీడల్లో ఒకటి ఎక్కువున్నట్టు నాకు అనిపించింది. లెక్కపెట్టలేదు.

పొర తర్వాత పొర. తల్లీ కూతుళ్లు వంతులవారీగా చీల్చారు. తలా ఒక పలక చేతికి వచ్చింది. చట్రం లేని, అంచులు చెదిరిన పలకలు. ఇది చదువుతున్న తమ్ముళ్లారా, చెల్లెళ్లారా, మీరు బళ్లో పట్టుకున్న పలకల్ని ఇన్నేళ్లూ రుద్దిన ఆ ఆడవాళ్లలో ఒక్కరు కూడా పలక మీద అక్షరం రాసి ఎరగరు. మా ఆయన జేబులో బలపం ముక్క ఉంది. నేను ఒక పలక మీద 'నీళ్లు' అని రాశాను. ఎలీషబా చూసి దించింది. ఆమె రాసిన 'నీ'కి గుడిదీర్ఘం కిందికి జారిపోయింది, అయినా అది నీళ్లే. బలపం చేతులు మారింది. అరిగిపోతే రాతి పెచ్చుతో గీశారు.

ఆ పలకలు రొమ్ముకు ఆనించుకుని ఊళ్లోకి నడుద్దామని బయల్దేరేలోగా పోలీసులొచ్చారు. వాళ్లకు వ్యాను లేదు. కంట్రాక్టరు పలకలు తోలే లారీలోనే వచ్చారు. కంట్రాక్టరు ముందు సీట్లోంచి దిగలేదు.

"దొంగసొత్తు కింద పెట్టండి," అన్నాడు సబిన్‌స్పెక్టరు. "రాయి చీల్చిందెవరు?"

"నేను," అంది చెంచమ్మ. "నా మొగుడు లేపిన రాయి."

"చీల్చమన్నదెవరు?"

"నేను," అన్నాడు గంగయ్య.

"నేనే మొదట అన్నా," అంది ఎలీషబా. "మామ నా మాట దొంగతనం చేస్తాండాడు. ఆ కేసు గూడ రాసుకోండి."

ముగ్గురినీ లారీ ఎక్కించారు. పలకలు లాక్కోబోయారు. ఆడవాళ్లు వదల్లేదు. అంచులకు వేళ్లు తెగాయి గానీ వదల్లేదు. ఎలీషబా లారీ మీదనుంచి నా వైపు తొంగి చూసింది. "ఇన్నేళ్లు దీంట్లోకి పలకల్ని ఎక్కించినా పాపా. నేను ఎక్కేది ఇదే మొదలు. మెత్తగానే ఉండాది!" చెంచమ్మ కూతురిని చూసింది. గని వైపు చూడలేదు. పోలయ్య పోయినప్పటి నుంచీ ఆమె గని వైపు చూడకుండా ఉండడం నేను చూసింది అదే మొదటిసారి.

లారీ వెళ్లిపోయింది. దుమ్ము అందరి మీదా పడింది. మళ్లీ అందరం ఒకే రంగయ్యాం.

"అయిపోయిందా తిరునాల?" అన్నాడు కొండయ్య. "పెద్దమనుషులు పోయినారు. ఇంక మీకు చెప్పేవోళ్లు ఎవురుండారు? మంచిగ చెప్తాండా. గోనెలు కప్పండి, నీళ్లు తేండి. ఇప్పుడైనా కొంత రాయి దక్కుతాది."

ఎండలో పరిచిన రాళ్ల మీద తడి మచ్చలు చూస్తుండగానే కుంచించుకుపోతున్నాయి. జనం ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఒకరిద్దరి కాళ్లు గోనెపట్టల వైపు కదిలాయి. నేను ఏదో అనబోయాను.

యల్లమ్మ రాళ్ల మీదికెక్కింది.

"మాయమ్మను తీసకపోయినారు," అంది. "మానాయన ఇంక తిరగడు. ఆయన పని అయిపోయినాది. మన పని కాలేదు. మన పాకలో నీళ్లు..."

దగ్గు అందుకుంది.

అది మామూలు దగ్గు కాదు. ఆమెను నడుం దగ్గర రెండుగా విరిచింది. మోకాళ్ల మీద పడేసింది. ఎక్కి పట్టుకుందామని నేను ముందుకు పోతే, చెయ్యి ఊపి వద్దంది. కొండయ్య నవ్వు మొహంతో చూస్తున్నాడు. ఇలాంటి దగ్గు వచ్చినప్పుడు వాడలో అందరూ మొహాలు తిప్పుకోవడం నేను ఎన్నోసార్లు చూశాను. రేపటి తమ దగ్గు వింటున్నట్టు ఉంటుంది వాళ్లకు. ఆ రోజు ఎవరూ తిప్పుకోలేదు. గోనెల వైపు కదిలిన కాళ్లు ఆగాయి. గనంతా నిలబడి, పలకలు రొమ్ముకు ఆనించుకుని, ఆ పిల్ల దగ్గు ఆగేదాకా ఆగింది.

ఆమె చెంగుతో నోరు తుడుచుకుంది. చెంగు ఎర్రబడింది. దాన్ని దాచలేదు. లేచి నిలబడింది.

"యాడిదాకా చెప్పినా?" అని అడిగింది.

"పాకలో నీళ్లు!" అన్నారు జనం.

ఆమె ఇంకా నోరు తెరవకముందే మళ్లీ అన్నారు.